50 లక్షల హోమ్ లోన్: 20 ఏళ్లా, 30 ఏళ్లా? చివరికి చేతి నుంచి పోయేది ఎంత?

మియాపూర్_3బీహెచ్‌కే (ప్రశ్న)

అందరికీ నమస్కారం. హైదరాబాద్‌లో మియాపూర్ వైపు ఒక ఫ్లాట్. అగ్రిమెంట్ ధర 65 లక్షలు, హ్యాండోవర్ ఇంకో రెండేళ్లకి. 50 లక్షల లోన్, 8 శాతం ఫ్లోటింగ్ (మారుతూ ఉండే రేటు), రెపోకి (రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకిచ్చే అప్పు మీద రేటు) లింక్. 20 ఏళ్లకైతే ఈఎంఐ 41,822. 30 ఏళ్లకైతే 36,688. బ్యాంకులో 30 ఏళ్లే తీసుకోండి, నెలకి ఐదు వేలు మిగులుతాయి అంటున్నారు. దాంతోపాటు ఒకటిన్నర లక్షల ఇన్సూరెన్స్ పాలసీని లోన్‌లోనే కలిపేస్తామంటున్నారు, "మీ చేతి నుంచి ఏమీ కట్టక్కర్లేదు" అని.

నాకు కావాల్సింది ఈఎంఐ లెక్క కాదు. ఈ ఇల్లు పూర్తిగా నాది అయ్యేసరికి మొత్తం ఎంత కట్టినట్టు అవుతుంది? ఏవేవి లెక్కలో వేసుకోవాలి? తెలిసినవాళ్లు అంకెలతో చెప్పగలరు.

---

పద్దుపుస్తకం

ముందు మీ ఐదు వేల సంగతి తేల్చేద్దాం. కచ్చితంగా 5,134 తేడా.

20 ఏళ్లకి మీరు కట్టే మొత్తం 1,00,37,000. అందులో వడ్డీ 50.37 లక్షలు, అంటే తీసుకున్న అసలుకి సమానంగా వడ్డీ. 30 ఏళ్లకి మొత్తం 1,32,08,000, వడ్డీ 82.08 లక్షలు. నెలకి 5,134 మిగుల్చుకోవడానికి 31.7 లక్షలు అదనంగా కడుతున్నారు. 15 ఏళ్లకైతే ఈఎంఐ 47,783, వడ్డీ 36 లక్షలు.

ఎందుకింత తేడా అంటే, మొదటి నెల చూడండి. 50 లక్షల మీద 8 శాతం, ఒక నెలకి వడ్డీ 33,333. మీరు 20 ఏళ్ల ఈఎంఐ 41,822 కడితే, వడ్డీ పోను అసలులోకి వెళ్లేది 8,489. అదే 30 ఏళ్ల ఈఎంఐలో అసలులోకి వెళ్లేది 3,355 మాత్రమే. వడ్డీ రెండింట్లోనూ అంతే. మీరు తగ్గించుకుంటున్న ఐదు వేలూ పూర్తిగా అసలు వాటా నుంచే పోతున్నాయి. ఇదొక్కటి అర్థమైతే మిగతాదంతా తేలిక.

ఐదేళ్లు గడిచాక ఎక్కడుంటారో చూడండి. 20 ఏళ్ల లోన్‌లో అప్పటికి దాదాపు 25.1 లక్షలు కట్టి ఉంటారు, అసలు తగ్గేది 6.24 లక్షలు. 30 ఏళ్ల లోన్‌లో 22 లక్షలు కట్టి ఉంటారు, అసలు తగ్గేది రెండున్నర లక్షలు కూడా కాదు. ఆ సమయంలో ఉద్యోగం మారి ఫ్లాట్ అమ్మాల్సి వస్తే బ్యాంకుకి ఇంకా 47.5 లక్షలు బాకీ ఉంటారు.

ఇంకొకటి. 20 ఏళ్ల లోన్‌లో సగం అసలు (25 లక్షలు) తీరేది పదో ఏట కాదు, దాదాపు పదమూడేళ్ల ఎనిమిది నెలలకి. చాలామంది సగం కాలానికి సగం అప్పు తీరుతుందనుకుంటారు.

---

రీసెట్‌_తేదీ

పైన చెప్పిన లెక్కంతా 8 శాతం 20 ఏళ్లూ అలాగే ఉంటుందనుకుంటేనే. ఫ్లోటింగ్‌లో అలా ఉండదు. అసలు దెబ్బ తగిలేది అక్కడే, అదీ కనబడకుండా తగులుతుంది.

2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ హోమ్ లోన్లు బయటి బెంచ్‌మార్క్‌కి, ఎక్కువగా రెపోకి, ముడిపడి ఉంటాయి. కనీసం మూడు నెలలకోసారి రేటు రీసెట్ అవ్వాలి. (హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకి ఈ నిబంధన లేదు, వాళ్ల సొంత ప్రైమ్ రేటు ఉంటుంది. లోన్ ఎక్కడిదో ముందు చూసుకోండి.) రేటు పెరిగితే బ్యాంకులు సాధారణంగా ఈఎంఐ ముట్టుకోవు, కాలం పెంచేస్తాయి. అకౌంట్ నుంచి పోయే మొత్తం మారదు కాబట్టి ఎవరూ గమనించరు.

2021లో జరిగిన తీరు తీసుకోండి. అప్పుడు రెపో 4 శాతం. 6.75 శాతానికి 50 లక్షలు, 20 ఏళ్లు, ఈఎంఐ 38,018. ఏడాదిన్నర కట్టాక మిగిలిన అసలు 48.13 లక్షలు. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల రెపో 6.5కి వెళ్లింది. లెక్క తేలిక కోసం ఆ రెండున్నర శాతం ఒకేసారి పెరిగిందనుకుందాం. కొత్త రేటు 9.25. 48.13 లక్షల మీద నెల వడ్డీ 37,101. ఈఎంఐ 38,018. అసలులోకి వెళ్లేది 917 రూపాయలు. ఆ ఈఎంఐతో అప్పు తీరాలంటే ఇంకా 485 నెలలు. నలభై ఏళ్లు. ఉండాల్సింది 222 నెలలు. పాత గడువుకే తీరాలంటే ఈఎంఐ 45,350 దాకా పెంచాలి.

అందుకే 2023 ఆగస్టు 18న రిజర్వ్ బ్యాంకు ఒక సర్క్యులర్ ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, కాలం పెంచుకోవాలా, రెండూ కొంచెం కొంచెమా అన్నది అప్పు తీసుకున్నవాళ్లని అడగాలి. బ్యాంకు పాలసీ ప్రకారం ఫిక్స్‌డ్‌కి మారే వీలు ఇవ్వాలని కూడా అప్పట్లో ఉండేది, 2025 అక్టోబరు నుంచి అది బ్యాంకు ఇష్టం. ఈఎంఐ కనీసం ఆ నెల వడ్డీకైనా సరిపోవాలి, బాకీ పెరుగుతూ పోకూడదు. మూడు నెలలకోసారి ఇచ్చే స్టేట్‌మెంట్‌లో ఇప్పటిదాకా కట్టిన అసలు, వడ్డీ, ఈఎంఐ ఎంత, ఇంకా ఎన్ని ఈఎంఐలు, ఏడాది రేటు ఎంత అన్నవి ఉండాలి. "ఇంకా ఎన్ని ఈఎంఐలు" అన్న గడి చూడండి. పోయిన స్టేట్‌మెంట్ కంటే మూడు తగ్గాలి. తగ్గకపోతే కాలం పెరిగినట్టే, వెంటనే బ్రాంచికి రాసివ్వండి: కాలం మార్చొద్దు, ఈఎంఐ పెంచండి అని.

30 ఏళ్లకి తీసుకుంటే ఈ ప్రమాదం ఇంకా ఎక్కువ. అసలు వాటా ముందే 3,355 కదా, రేటు ముప్పావు శాతం పెరిగితే అదంతా దాదాపు తుడిచిపెట్టుకుపోతుంది. ఇక కాలం పెంచడానికి చోటు కూడా ఉండదు. రిటైర్మెంట్ వయసు అడ్డమొస్తుంది, అప్పుడు ఈఎంఐ ఒక్కసారిగా పెంచుతారు.

రేటు తగ్గినప్పుడు కూడా జాగ్రత్త. 2025లో రెపో 6.5 నుంచి డిసెంబరుకి 5.25కి వచ్చింది. అప్పుడు బ్యాంకు ఈఎంఐ తగ్గిస్తానంటే ఒప్పుకోకండి. పాత ఈఎంఐనే కట్టండి, కాలం తగ్గుతుంది.

---

రిజిస్ట్రేషన్_దారి

ఇల్లు మీదయ్యేసరికి ఎంత అన్నారు కాబట్టి, లోన్ మొదలయ్యే ముందే పోయేవి చెప్తాను. వీటిని బ్యాంకు కాలిక్యులేటర్ చూపించదు.

తెలంగాణలో ఫ్లాట్ రిజిస్ట్రేషన్‌కి స్టాంప్ డ్యూటీ 5.5, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ 1.5, రిజిస్ట్రేషన్ ఫీజు 0.5, మొత్తం 7.5 శాతం. 65 లక్షల మీద 4,87,500. ప్రభుత్వ మార్కెట్ విలువ ఎక్కువుంటే దాని మీద లెక్క. ఫ్లాట్ ఇంకా నిర్మాణంలో ఉంది కాబట్టి జీఎస్టీ 5 శాతం, అంటే 3,25,000. ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ (ఓసీ, ఇంట్లో ఉండొచ్చని ఇచ్చే పత్రం) వచ్చాక అమ్మే ఫ్లాట్‌కి జీఎస్టీ ఉండదు. అదే కాంప్లెక్స్‌లో ఓసీ వచ్చిన బ్లాక్‌లో ఫ్లాట్ దొరికితే ధర కొంచెం ఎక్కువైనా ఒకసారి పోల్చి చూడండి.

ఈ రెండూ మీ 50 లక్షల లోన్‌లో లేవు. పది లక్షల లోపు ఇళ్లకి తప్ప, స్టాంప్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఖర్చులు ఇంటి విలువలో కలపకూడదని రిజర్వ్ బ్యాంకు నిబంధన. కాబట్టి చేతి డబ్బు 15 లక్షలు కాదు, 23 లక్షల పైన. కార్పస్ ఫండ్ (కాంప్లెక్స్ నిర్వహణకి ముందే కట్టించుకునే నిధి), కార్ పార్కింగ్, కరెంటు కనెక్షన్ ఛార్జీలు అగ్రిమెంట్ ధరలో ఉన్నాయో, "అదనపు సదుపాయాలు" కింద వేరే కాగితంలో ఉన్నాయో చూడండి. ఉడ్‌వర్క్ డబ్బు కోసం పర్సనల్ లోన్‌కి వెళ్లేది సాధారణంగా ఈ ఎనిమిది లక్షలు ముందే లెక్కలో వేసుకోనివాళ్లే.

ధర 50 లక్షలు దాటింది కాబట్టి 1 శాతం టీడీఎస్ (అమ్మేవాళ్ల తరఫున ముందే కోసే పన్ను) మీరే కోసి కట్టాలి. ఇది అదనపు ఖర్చు కాదు, బిల్డర్‌కి ఇచ్చేదాంట్లోంచే తీసేది. ఆలస్యమైతే మాత్రం వడ్డీ, లేటు ఫీజు మీ మీదే పడతాయి.

ప్రీ-ఈఎంఐ సంగతి మర్చిపోకండి. బిల్డర్ స్లాబులు వేస్తున్న కొద్దీ బ్యాంకు విడతలుగా ఇస్తుంది, ఇచ్చిన మేరకు వడ్డీ మాత్రమే మీరు కడతారు, అసలు రూపాయి తగ్గదు. రెండేళ్లలో సగటున 25 లక్షలు బయటికి వెళ్లి ఉందనుకుంటే నెలకి 16,667, మొత్తం 4 లక్షలు. పద్దుపుస్తకం గారు చెప్పిన 50.37 లక్షలకి ఇది అదనం. పైగా ఈ రెండేళ్లూ మీరు అద్దె కూడా కడుతూ ఉంటారు. హ్యాండోవర్ ఆరు నెలలు ఆలస్యమైతే, అప్పటికి మొత్తం లోన్ ఇచ్చేసి ఉంటే, నెలకి 33 వేల చొప్పున ఇంకో రెండు లక్షలు. అందుకే బిల్డర్ చెప్పిన తేదీ కాకుండా తెలంగాణ రెరా (రియల్ ఎస్టేట్ నియంత్రణ సంస్థ) సైట్‌లో ప్రాజెక్టు పూర్తయ్యే తేదీ ఏముందో చూడండి. మొదటి విడత నుంచే పూర్తి ఈఎంఐ కట్టే ఆప్షన్ చాలా బ్యాంకుల్లో ఉంటుంది, వీలైతే అది అడగండి.

ఇన్సూరెన్స్ దగ్గరికొస్తే, ఒకటిన్నర లక్ష లోన్‌లో కలిపితే ఈఎంఐలో 1,255 పెరుగుతుంది, 20 ఏళ్లకి 3.01 లక్షలు అవుతుంది. 30 ఏళ్లకైతే దాదాపు 3.96 లక్షలు. "చేతి నుంచి ఏమీ కట్టక్కర్లేదు" అంటే అర్థం అది. ఈ పాలసీల్లో కవరేజీ సాధారణంగా బాకీతో పాటు తగ్గుతూ పోతుంది, లోన్ వేరే బ్యాంకుకి మారిస్తే చిక్కులొస్తాయి. కుటుంబానికి రక్షణ తప్పకుండా కావాలి. దానికి విడిగా 50 లక్షల నుంచి కోటి దాకా టర్మ్ పాలసీ తీసుకోండి, ఏడాదికోసారి ప్రీమియం కట్టండి. లోన్ తీరినా అది మీతోనే ఉంటుంది. బ్యాంకు చెప్పిన పాలసీనే కొనాలన్న షరతు ఏదీ లేదు. శాంక్షన్ లెటర్‌లో లోన్ 50 లక్షలా, 51.5 లక్షలా అన్నది చూశాకే సంతకం పెట్టండి.

---

నెమ్మదిగా_కడదాం

నాది కొంచెం వేరే మాట. మొత్తం వడ్డీ 82 లక్షలు అని భయపెట్టడం సగం లెక్కే. ఇరవయ్యో ఏట కట్టే 41,822కి, ధరలు ఏడాదికి 6 శాతం పెరుగుతాయనుకుంటే, ఇవాళ్టి విలువ 13 వేలు. ఈఎంఐ అక్కడే ఉంటుంది, జీతం పెరుగుతుంది. నిజంగా పోల్చాల్సింది 8 శాతం వడ్డీకీ, ఆ డబ్బు మీ దగ్గరుంటే పన్ను పోను వచ్చే రాబడికీ.

అలా పోల్చితే: 30 శాతం స్లాబ్‌లో ఉన్నవాళ్లకి 7 శాతం ఎఫ్‌డీ మీద పన్ను, సెస్సు పోను చేతికొచ్చేది 4.8 శాతం. కాబట్టి ఎఫ్‌డీ పెట్టుకుని ఇటు 8 శాతం వడ్డీ కట్టడం శుద్ధ నష్టం. అదే పీఎఫ్ మీద 2024-25కి 8.25 శాతం ఇచ్చారు, దాన్ని తీసి లోన్‌లో వేయొద్దు.

30 ఏళ్లకి తీసుకోవడంలో ఒక లాభం ఉంది. ఉద్యోగం పోయిన నెలలో మీరు తప్పనిసరిగా కట్టాల్సింది 36,688 మాత్రమే. మామూలు నెలల్లో ఆ 5,134 కూడా అదనంగా కడుతూ పోతే, 30 ఏళ్ల లోన్ సరిగ్గా 20 ఏళ్లకే తీరుతుంది, వడ్డీ కూడా 20 ఏళ్లదే పడుతుంది. ఫ్లోటింగ్ రేటు మీద సొంత ఇంటి లోన్ ముందుగా కట్టినందుకు ఛార్జీ వేయకూడదు కాబట్టి పోయేదేమీ లేదు.

---

పద్దుపుస్తకం

నెమ్మదిగా_కడదాం గారి లెక్కలో తప్పు లేదు. నా అభ్యంతరం ఒక్కటే. ఆ 5,134 ప్రతి నెలా తనంతట తాను వెళ్లే ఏర్పాటు ఉంటేనే అది పనిచేస్తుంది. "మిగిలినప్పుడు కడదాం" అనుకుంటే మిగలదు. పైగా కొన్ని బ్యాంకుల్లో పార్ట్ పేమెంట్‌కి కనీస మొత్తం ఉంటుంది, నెలనెలా ఐదు వేలు తీసుకోరు. శాంక్షన్‌కి ముందే అడగండి. తీసుకోకపోతే 20 ఏళ్లకే వెళ్లండి, ఆరు ఈఎంఐల డబ్బు (రెండున్నర లక్షలు) విడిగా ఉంచండి. కష్టకాలానికి అది చాలు. లోన్‌ని ఓవర్‌డ్రాఫ్ట్ ఖాతాలా నడిపే పథకాలు కూడా ఉన్నాయి. అదనపు డబ్బు అందులో వేస్తే ఆ మేరకు వడ్డీ తగ్గుతుంది, అవసరమైతే వెనక్కి తీసుకోవచ్చు. రేటు మాత్రం కొంచెం ఎక్కువ ఉంటుంది, చేతిలో ఎప్పుడూ పెద్ద మొత్తం ఆడేవాళ్లకే లాభం.

ముందుగా కట్టడం ఎంత పనిచేస్తుందో రెండు అంకెలు. 20 ఏళ్ల లోన్‌లో ఏడాదికి ఒక ఈఎంఐ అదనంగా కడితే 17 ఏళ్లలోపే తీరుతుంది, దాదాపు 9 లక్షలు మిగులుతాయి. జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐని ఏటా 5 శాతం పెంచుకుంటూ పోతే పన్నెండేళ్ల నాలుగు నెలలకి తీరిపోతుంది.

ఎక్కువమంది తప్పు చేసేది కట్టే తీరులో. పార్ట్ పేమెంట్ చేశాక బ్యాంకు కాలం అలాగే ఉంచి ఈఎంఐ తగ్గించేస్తే సగం లాభం పోయినట్టే. ఫారంలోనో యాప్‌లోనో "కాలం తగ్గించాలి, ఈఎంఐ మారకూడదు" అన్నది ఎంచుకోండి. కట్టిన వారం తర్వాత కొత్త షెడ్యూల్ దించుకుని చివరి ఈఎంఐ తేదీ ముందుకి జరిగిందో లేదో చూడండి. కొన్నిసార్లు ఆ డబ్బు అసలులో వేయకుండా రాబోయే ఈఎంఐలకి అడ్వాన్స్‌గా పెట్టేస్తారు, అది కూడా అక్కడే బయటపడుతుంది.

---

మియాపూర్_3బీహెచ్‌కే

అందరికీ చాలా థాంక్స్ అండి. ఇంకో రెండు మాటలు. పన్ను మినహాయింపు పోను అసలు రేటు ఆరు శాతమే పడుతుందని బ్యాంకులో అన్నారు, నిజమేనా? రెండోది, ఐదేళ్ల తర్వాత వేరే బ్యాంకులో అర శాతం తక్కువకి దొరికితే మారడం లాభమేనా?

---

రీసెట్‌_తేదీ

పన్ను మాట మీరు కొత్త పన్ను పద్ధతిలో ఉన్నారా, పాతదాంట్లోనా అన్నదాన్ని బట్టి ఉంటుంది. కొత్త పద్ధతిలో సొంతంగా ఉండే ఇంటి వడ్డీకి మినహాయింపు సున్నా. 2023-24 నుంచి మీరు ప్రత్యేకంగా వద్దనకపోతే ఉండేది కొత్త పద్ధతే. కాబట్టి మీకు 8 అంటే 8.

పాత పద్ధతిలో సొంత ఇంటికి ఏడాదికి 2 లక్షల దాకా వడ్డీ మినహాయింపు. మీ మొదటి పూర్తి ఏడాది వడ్డీ 3.96 లక్షలు, అందులో సగమే చెల్లుతుంది. 30 శాతం స్లాబ్‌లో ఆదా 62,400. ఆరు శాతం అని చెప్పేవాళ్లు దీన్నే 20 ఏళ్లూ పెట్టి చూపిస్తారు. భార్యాభర్తలిద్దరూ ఓనర్లూ, లోన్‌లో భాగస్తులూ అయితే చెరో 2 లక్షలు. అసలు మీద 80సీ (ఏడాదికి లక్షన్నర దాకా మినహాయింపు) ఉన్నా, పీఎఫ్‌తోనే ఆ లక్షన్నర సగం నిండిపోయి ఉంటుంది. ప్రీ-ఈఎంఐ వడ్డీని ఇల్లు పూర్తయిన ఏడాది నుంచి ఐదు సమాన భాగాలుగా చూపించుకోవచ్చు కానీ అదీ ఆ 2 లక్షల లోపే. పాత పద్ధతికి వెళ్లడం లాభమా అన్నది మీ మొత్తం జీతం, మినహాయింపులు వేసి చూడండి, లోన్ ఒక్కదాని కోసం మారకండి.

బ్యాంకు మారడం: ఐదేళ్ల తర్వాత బాకీ 43.76 లక్షలు, మిగిలింది 15 ఏళ్లు. 8 నుంచి 7.5కి వస్తే ఈఎంఐ 41,822 నుంచి 40,566కి తగ్గుతుంది. నెలకి 1,256, పదిహేనేళ్లకి 2.26 లక్షలు. ప్రాసెసింగ్ ఫీజు, లీగల్, వాల్యుయేషన్, కొత్త బ్యాంకు పేరున పత్రాల తాకట్టు రిజిస్ట్రేషన్ అన్నీ కలిపి 40 వేలైతే, 32 నెలల్లో ఆ ఖర్చు రాబట్టుకుంటారు. లాభమే. కానీ కొత్త బ్యాంకులో మళ్లీ 20 ఏళ్లు పెట్టించుకుంటే లాభమంతా నీళ్లపాలు.

మారే ముందు మీ బ్యాంకులోనే అడగండి. రేటు అంటే రెపో ప్లస్ స్ప్రెడ్ (బ్యాంకు దాని పైన కలుపుకునే శాతం). రెపో అందరికీ ఒకటే, స్ప్రెడ్ మాత్రం మీరు చేరిన నాటిది. కొత్తవాళ్లకి తక్కువ స్ప్రెడ్ ఇచ్చి పాతవాళ్లని అలాగే ఉంచడం మామూలే. చిన్న కన్వర్షన్ ఫీజు కట్టించుకుని తగ్గిస్తారు, వేరే బ్యాంకు ఆఫర్ లెటర్ చేతిలో ఉంటే తొందరగా తగ్గిస్తారు.

ఇప్పుడు సంతకానికి ముందు మీరు అడగాల్సిన కాగితం కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్. 2024 అక్టోబరు 1 నుంచి కొత్త రిటైల్ లోన్లన్నింటికీ ఇది తప్పనిసరి. అందులో ఏపీఆర్ అని ఒక రేటు ఉంటుంది. వడ్డీతో పాటు ప్రాసెసింగ్ ఫీజు, బ్యాంకు ద్వారా వసూలయ్యే లీగల్, ఇన్సూరెన్స్ ఖర్చులు కూడా కలిపిన రేటు అది. రెండు బ్యాంకుల్ని పోల్చేటప్పుడు బోర్డు మీది రేటు వదిలేసి ఏపీఆర్ పోల్చండి. ఆ స్టేట్‌మెంట్‌లో లేని ఛార్జీ మీ ఒప్పుకోలు లేకుండా తర్వాత వేయడానికి లేదు. చదువుకోవడానికి కనీసం మూడు పనిదినాలు గడువివ్వాలి, ఆ రోజే సంతకం పెట్టమంటే పెట్టకండి.

---

రిజిస్ట్రేషన్_దారి

ఒకటి మిగిలింది, లోన్ తీరిన రోజు సంగతి. చివరి ఈఎంఐ కట్టిన 30 రోజుల్లోపు ఒరిజినల్ పత్రాలన్నీ తిరిగివ్వాలి, బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకి 5,000 చొప్పున మీకు కట్టాలి. 2023 డిసెంబరు 1 నుంచి ఈ నిబంధన ఉంది. అందుకే ఇప్పుడు పత్రాలు ఇచ్చేటప్పుడే సేల్ డీడ్, లింక్ డాక్యుమెంట్లు, ఒక్కో దానికి పేజీల సంఖ్యతో సహా లిస్టు రాసి, బ్యాంకు ముద్ర వేయించుకుని ఒక కాపీ దగ్గర పెట్టుకోండి. లోన్ తీరాక తాకట్టు రద్దు కూడా సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో నమోదు చేయించి, కొత్త ఈసీ (ఆస్తి మీద తాకట్టులున్నాయో లేవో చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీసి అందులో బ్యాంకు తాకట్టు తొలగినట్టు వచ్చిందో లేదో చూడండి. సెర్సాయ్ (తాకట్టుల కేంద్ర రిజిస్ట్రీ) రికార్డులో కూడా బ్యాంకు చేత తీయించండి. ఇవి వదిలేస్తే పదేళ్ల తర్వాత అమ్మేటప్పుడు, కొనేవాళ్ల బ్యాంకు లాయరు దగ్గర ఫైలు ఆగిపోతుంది.